కదలని ఈఎంఐ, కరగని అప్పు

రెండు నెలలకోసారి రిజర్వు బ్యాంకు ద్రవ్య పరపతి విధాన కమిటీ సమావేశం ముగియగానే ఇంటి అప్పున్న ప్రతి ఒక్కరూ అడిగే ప్రశ్న ఒకటే: ఈఎంఐ తగ్గుతుందా, పెరుగుతుందా? పత్రికల మొదటి పేజీలు కూడా ఆ ప్రశ్నకే జవాబు రాస్తాయి. కానీ నెలవాయిదా చూసి అప్పు బరువు తెలుసుకోలేం. ఆ బరువును ఎన్ని ముక్కలు చేశారో మాత్రమే అది చెబుతుంది. ఆఖరి వాయిదా ఏ సంవత్సరంలో పడుతుంది, అప్పటికి చేతి నుంచి వెళ్లే మొత్తం ఎంత, మధ్యలో వడ్డీ మారితే ఆ రెండూ ఎటు జరుగుతాయి? ఇంటి అసలు ధర ఈ మూడింటి మీద ఆధారపడి ఉంటుంది. మనకు రుణ ఒప్పందం మీద సంతకం చేసే రోజున ఈ మూడూ తెలియవు. చాలామందికి పదేళ్ల తర్వాత కూడా తెలియవు.

మన ఇళ్లలో వడ్డీని కొలిచే తీరు వేరు. నూటికి నెలకు రూపాయా, రూపాయిన్నరా, రెండా అని అడుగుతాం. ఆ కొలతలో ఏడాదికి 8.5 శాతం గృహరుణం అంటే డెబ్బై ఒక్క పైసా. ప్రోనోటు మీద రెండు రూపాయల వడ్డీ కట్టి అలవాటైన కుటుంబానికి ఇది అప్పులా కాదు, సాయంలా కనిపిస్తుంది. చిక్కంతా కాలంతోనే. రెండు రూపాయల చేబదులు రెండేళ్లలో తీరుతుంది. డెబ్బై పైసల అప్పు ఇరవై ఏళ్లు కూర్చుంటుంది. రూ.50 లక్షలు 8.5 శాతానికి 20 ఏళ్లకు తీసుకుంటే ఈఎంఐ రూ.43,391. మొత్తం కట్టేది రూ.1.04 కోట్లు, అందులో వడ్డీ రూ.54 లక్షలు. మొదటి నెల వాయిదాలో వడ్డీకి రూ.35,417 పోతే అసలుకు చేరేది రూ.7,974. అయిదేళ్లలో రూ.26 లక్షలు కట్టాక బాకీ ఇంకా రూ.44 లక్షలు ఉంటుంది. అసలు సగానికి తగ్గేది పదేళ్లకు కాదు, పద్నాలుగో ఏట. గడువును 30 ఏళ్లు చేస్తే వాయిదా రూ.4,945 మాత్రమే తగ్గుతుంది, వడ్డీ రూ.34 లక్షలు పెరుగుతుంది.

అప్పిచ్చినవాడు అసలుకు రెట్టింపు దాటి తీసుకోకూడదన్న పట్టింపు ఈ నేలకు కొత్తదేమీ కాదు. వడ్డీ బకాయి ఎప్పుడూ అసలును మించకూడదని పాత హిందూ న్యాయంలోని దామ్‌దుపట్ సూత్రం చెప్పేది. ఆంధ్ర జిల్లాలు మద్రాసు రాష్ట్రంలో ఉన్నప్పుడు 1938లో వచ్చిన రైతు రుణ ఉపశమన చట్టం మరో అడుగు వేసింది. అసలుకు రెండింతలు చెల్లించిన రైతు అప్పు తీరిపోయినట్టేనని ప్రకటించింది. బ్యాంకుల విషయంలో చట్టం దారి వేరు. బ్యాంకింగ్ నియంత్రణ చట్టంలోని 21ఏ సెక్షన్ ప్రకారం, వడ్డీ ఎక్కువైందన్న కారణంతో న్యాయస్థానాలు బ్యాంకు రుణాల లెక్కను తిరగదోడకూడదు. అందుకు గట్టి కారణాలే ఉన్నాయి. అయితే కోర్టు చేయలేని పనిని సమాచారమైనా చేయాలి కదా.

ఇక్కడ ఒక జాగ్రత్త అవసరం. ‘యాభై తీసుకుంటే కోటి కట్టాలి’ అని బెదిరించడం కూడా సగం లెక్కే. ఇరవయ్యో ఏట కట్టే రూ.43,391కి నేటి విలువ లేదు. ధరలు ఏడాదికి అయిదు శాతం పెరుగుతాయనుకుంటే ఆ రూ.1.04 కోట్లు నేటి రూపాయల్లో సుమారు రూ.66 లక్షలు. అంటే నిజభారం యాభై నాలుగు లక్షలు కాదు, పదహారు. జీతం ధరలతో పాటు పెరిగేవారికి ఇది పెద్ద ఊరట. పెరగనివారికి ఈ లెక్క కాగితం మీదే ఉంటుంది. ఆ రెండో రకం మనుషులు ఎక్కడుంటారో చూడాలంటే తిరుమలగిరి చౌరస్తా దాకా వెళ్తే చాలు.

రెండు అడ్వాన్సుల ఇల్లు

సికింద్రాబాద్ కంటోన్మెంట్‌లోని తిరుమలగిరిలో సైన్యంతో ముడిపడని వీధి అరుదు. పదవీ విరమణ చేసిన జవాన్లు, సుబేదార్లు ఇక్కడే స్థిరపడాలనుకుంటారు. సైనిక ఆసుపత్రి, క్యాంటీన్, పిల్లల బడులు అన్నీ అందుబాటులో ఉంటాయి. కానీ కంటోన్మెంట్ భూమిలో అధిక భాగం రక్షణ శాఖది. ఓల్డ్ గ్రాంట్ బంగళాల్లో నేల ప్రభుత్వానిది, కట్టడం మాత్రమే అనుభవదారుది. అలాంటి ఆస్తిని బ్యాంకుకు తాకట్టు పెట్టడం కష్టం. అందుకే కొనుగోలుదారు లోతుకుంట, అల్వాల్, యాప్రాల్, కౌకూర్, కొంపల్లి వైపు జరుగుతాడు. ప్యారడైజ్ నుంచి శామీర్‌పేట దాకా తలపెట్టిన ఎలివేటెడ్ కారిడార్‌కు 2024 మార్చిలో శంకుస్థాపన జరిగాక ఈ దారి పొడవునా ధరల మీద ఆశలూ పెరిగాయి. రుణం కట్టేవారికి ఆ ఆశే పెద్ద ఓదార్పు: వడ్డీ ఎంతైతేనేం, రేటు పెరుగుతుంది కదా! రేటు పెరగవచ్చు. అయితే ఉంటున్న ఇంటిని అమ్మితే తప్ప ఆ పెరుగుదల ఈఎంఐ కట్టదు.

జవాను నలభై ఏళ్ల ప్రాంతంలోనే పింఛనుదారు అవుతాడు. సైనికులు పింఛనులో సగం దాకా కమ్యూట్ చేసుకుని ఒకేసారి సొమ్ము తీసుకోవచ్చు. బదులుగా 15 ఏళ్ల పాటు తగ్గిన పింఛనే వస్తుంది. ఆ కమ్యూటేషన్ సొమ్మే తరచూ ఫ్లాటుకు ముందస్తు చెల్లింపు అవుతుంది. మిగతాది బ్యాంకు రుణం. నిజానికి అతను ఒకే ఇంటి కోసం రెండు అడ్వాన్సులు తీసుకున్నాడు. ఒకటి ప్రభుత్వం దగ్గర, ఒకటి బ్యాంకు దగ్గర. ఇంటి ధర లెక్కేసేటప్పుడు రెండోదే గుర్తుంటుంది. కమ్యూటేషన్ పట్టిక 8 శాతం వడ్డీ ప్రాతిపదికన తయారైంది. రికవరీ కాలాన్ని 12 ఏళ్లకు తగ్గించాలని పింఛనుదారుల సంఘాలు చాలాకాలంగా పోరాడుతున్నాయి. తీసుకున్న సొమ్ముకు తాము నిజంగా ఎంత కట్టామన్నదే వారి వాదనలోని కీలకం. ఇంత పట్టుదలగా లెక్క అడిగే మనిషి గృహరుణం దగ్గర మాత్రం ఈఎంఐ ఎంతని అడిగి ఊరుకుంటాడు.

ముందుగా పడే ఖర్చులూ తక్కువేం కాదు. నిర్మాణంలో ఉన్న రూ.80 లక్షల ఫ్లాటు తీసుకుందాం. జీఎస్టీ 5 శాతం అంటే రూ.4 లక్షలు. తెలంగాణలో స్టాంపు డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ రుసుము కలిపి 7.5 శాతం, అంటే రూ.6 లక్షలు. రుణం రూ.30 లక్షలు దాటి రూ.75 లక్షల లోపు ఉంటే ఆస్తి విలువలో 80 శాతం మించి ఇవ్వరాదన్నది రిజర్వు బ్యాంకు నియమం. ఆ విలువలో స్టాంపు డ్యూటీని కలపరు. అంటే చేతి నుంచి పెట్టాల్సింది పదహారు కాదు, ఇరవై ఆరు లక్షలు. ఆ లోటును బంగారు రుణమో చీటీ పాటో వ్యక్తిగత రుణమో పూడుస్తుంది. డెబ్బై పైసల అప్పు పక్కన రూపాయి, రూపాయిన్నర అప్పు చేరుతుంది. పైగా రుణంతో పాటు అంటగట్టే బీమా ఉంది. ఒకేసారి కట్టాల్సిన రూ.2 లక్షల ప్రీమియాన్ని రుణంలోనే కలిపేస్తే, 8.5 శాతం చొప్పున 20 ఏళ్లలో దానికి కట్టేది రూ.4.17 లక్షలు. బీమా అవసరమే. ఏటా కట్టే టర్మ్ పాలసీని విడిగా తీసుకుంటే చక్రవడ్డీ దాని జోలికి రాదు.

పన్ను ఆదా మాట కూడా పాతబడింది. సొంతానికి వాడుకునే ఇంటిపై ఏడాదికి రూ.2 లక్షల దాకా వడ్డీ మినహాయింపు పాత విధానంలోనే ఉంది. 2023-24 నుంచి డిఫాల్టుగా మారిన కొత్త విధానంలో లేదు. పాత విధానంలో 30 శాతం శ్లాబులో ఉన్నవారికి కూడా మొదట చెప్పిన రూ.50 లక్షల ఉదాహరణలో మొదటి ఏడాది వడ్డీ నాలుగు లక్షలు దాటితే, మినహాయింపు దక్కేది అందులో సగానికే.

గడువు జరిగిన కథ

ఇప్పటిదాకా చెప్పిన లెక్కలన్నీ వడ్డీ స్థిరంగా ఉంటుందన్న ఊహతోనే. మన గృహరుణాల్లో అత్యధికం చలన వడ్డీవి. 2020 మే నుంచి రెండేళ్లు రెపో రేటు 4 శాతం దగ్గర ఉంది. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి దాకా ఆరు విడతల్లో 6.5 శాతానికి చేరింది. 2025లో ఫిబ్రవరి నుంచి జూన్ లోపు ఒక శాతం తగ్గింది. ఈ దారిలో ఒక సాధారణ రుణాన్ని నడిపి చూద్దాం. 2021 ఆరంభంలో రూ.50 లక్షలు, 7 శాతం, 20 ఏళ్లు, ఈఎంఐ రూ.38,765. లెక్క సులువుగా ఉండేందుకు పెంపంతా రెండేళ్ల తర్వాత ఒకేసారి జరిగినట్టు, మరో రెండేళ్లకు తగ్గింపు కూడా అలాగే జరిగినట్టు అనుకుందాం. ఈఎంఐని కదపకుండా గడువునే మార్చారనుకుందాం.

రెండేళ్లకు బాకీ రూ.47.54 లక్షలు, మిగిలిన వాయిదాలు 216. వడ్డీ 9.5 శాతం కాగానే నెలకు వడ్డీయే రూ.37,632. ఈఎంఐలో అసలుకు మిగిలేది రూ.1,133. మిగిలిన గడువు 18 ఏళ్ల నుంచి 37 ఏళ్లకు ఎగబాకుతుంది. ఆ తర్వాతి రెండేళ్లలో ఆ కుటుంబం రూ.9.30 లక్షలు కడితే అసలు తగ్గేది ముప్పై వేల రూపాయలు. కాల్‌క్యులేటర్‌లో ఈ సంఖ్య వచ్చినప్పుడు ఎక్కడో నొక్కు తప్పిందని నేనూ రెండోసారి వేసి చూశాను. తప్పలేదు. వడ్డీ 8.5కు దిగాక కూడా ఇంకా 282 వాయిదాలు మిగులుతాయి. మొదట చెప్పిన ప్రకారం అప్పటికి మిగలాల్సినవి 192. ఇకపై వడ్డీ మారకపోతే మొత్తం 27 ఏళ్ల 6 నెలలు, రూ.1.28 కోట్లు. ఒప్పందం రోజున చూపించినది రూ.93 లక్షలు. నడుమ ముప్పై అయిదు లక్షలు పెరిగాయి. ఈఎంఐ మాత్రం ఒక్క రూపాయి కూడా పెరగలేదు! వడ్డీ పెరిగిన రోజే వాయిదాను రూ.46,010 చేసి ఉంటే 20 ఏళ్ల గడువు నిలిచేది. నెలకు ఏడు వేల చిల్లర అదనం చాలా ఇళ్లలో భారమే. ఆ భారం మోయాలా, ఏడున్నరేళ్లు ఎక్కువ కట్టాలా అన్నది కుటుంబం తేల్చుకోవాల్సిన విషయం. దాన్ని బ్యాంకు కంప్యూటరు తేల్చింది.

బ్యాంకర్ల వాదన కొట్టిపారేయదగ్గది కాదు. ఒక్కసారిగా వాయిదా పెంచితే కొన్ని కుటుంబాలు కట్టలేక ఖాతా మొండిబాకీ అవుతుంది. సర్ఫేసీ చట్టం కింద నోటీసు, వేలం దాకా పోతుంది. గడువు సాగదీయడం ఆ దెబ్బను పరుపులా ఆపుతుంది. 2022-23లో అంత వేగంగా వడ్డీ పెరిగినా గృహరుణాల్లో ఎగవేతలు పెరగకపోవడానికి ఇదీ ఒక కారణం. వడ్డీ దిగినప్పుడు గడువూ తగ్గుతుంది కదా అన్నది వారి రెండో మాట. పై లెక్క ఆ మాటను సగమే ఒప్పుకుంటుంది. 2.5 శాతం పెరిగి ఒక్క శాతం దిగితే, మధ్యలో కరగని అసలు కరగకుండానే ఉంటుంది. పైగా నలభై రెండేళ్లకు రుణం తీసుకున్న మాజీ సైనికుడికి ఏడున్నరేళ్ల సాగదీత అంటే రెండో ఉద్యోగం ముగిశాక కూడా వాయిదాలు.

రిజర్వు బ్యాంకు ఈ జబ్బును గుర్తించలేదని అనలేం. పాలసీ రేటు తగ్గింపు రుణగ్రహీతకు సరిగా చేరడం లేదని 2017లో జనక్ రాజ్ అధ్యక్షతలోని దాని అధ్యయన బృందం తేల్చింది. 2019 అక్టోబరు నుంచి బ్యాంకుల కొత్త గృహరుణాలు రెపో వంటి బయటి ప్రమాణానికి ముడిపడ్డాయి. అయితే హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకు ఈ నిబంధన వర్తించదు. అవి సొంత ప్రామాణిక రేటునే వాడతాయి. 2023 ఆగస్టు ఉత్తర్వు ప్రకారం వడ్డీ మారినప్పుడు వాయిదా పెంచుకోవడమా, గడువు పెంచుకోవడమా, రెండూ కలపడమా అన్న ఎంపిక ఖాతాదారుకే ఇవ్వాలి. వాయిదా కనీసం ఆ నెల వడ్డీకైనా సరిపోవాలి. మూడు నెలలకోసారి ఇచ్చే వివరాల్లో మిగిలిన వాయిదాల సంఖ్య ఉండాలి. స్థిర వడ్డీకి మారే అవకాశం కూడా తప్పనిసరిగా ఇవ్వాలని ఆ ఉత్తర్వు చెప్పింది. 2025 అక్టోబరు నుంచి దాన్ని బ్యాంకుల ఇష్టానికి వదిలేశారు. ఇది వెనకడుగు.

2024 అక్టోబరు నుంచి వచ్చిన కీలక వాస్తవాల పత్రం మంచి సంస్కరణ. బీమా, న్యాయ రుసుములు కూడా కలిపిన వార్షిక వ్యయ శాతం అందులో కనిపిస్తుంది. ప్రామాణిక రేటు పావు శాతం మారితే ఈఎంఐ ఎంత, వాయిదాలెన్ని మారతాయో చెప్పే వరస కూడా ఉంది. లోపం ఆ పావు శాతంలోనే ఉంది. పై రుణానికి మొదటి రోజునే పావు శాతం పెరిగితే 11 వాయిదాలు అదనం. అయితే రెండున్నర శాతానికి దానికి పదింతలు, నూట పది వాయిదాలని అనుకుంటాం. చక్రవడ్డీ అలా నడవదు. మొదటి రోజే 9.5 శాతమైతే నెల వడ్డీ రూ.39,583, ఈఎంఐ కన్నా ఎక్కువ. ఆ అప్పు ఎన్నటికీ తీరదు. చిన్న కుదుపును చూపించి పెద్ద కుదుపును దాచే వరస అది.

ఇతర దేశాలు ఈ ప్రశ్నకు తలో జవాబు చెప్పుకున్నాయి. డాలస్‌లోనో న్యూజెర్సీలోనో ఇల్లు కొన్న మన బంధువులకు 30 ఏళ్ల స్థిర వడ్డీ సహజంగా తోస్తుంది. అది మార్కెట్టు తనంతట తాను ఇచ్చినది కాదు. మహామాంద్యం కాలంలో ప్రభుత్వం పూచీగా నిలబడి కట్టిన వ్యవస్థ. వడ్డీ పెరిగే ముప్పు రుణగ్రహీత నుంచి మదుపరులకు, అంతిమంగా ప్రభుత్వ అండకు బదిలీ అవుతుంది. దాని ఖర్చు వేరే రూపంలో వస్తుంది. 2021లో మూడు శాతం లోపు దొరికినవారు, 2023లో కొత్త రుణం ఏడు దాటాక, ఇల్లు మారడానికే జంకారు. ఆ దేశం నుంచి మనం వెంటనే తెచ్చుకోగలిగింది ఒక కాగితం: మొదటి అయిదేళ్లలో మీరు మొత్తం కట్టేదెంత, అందులో తీరే అసలెంత, రుణంలో ఎన్ని శాతం వడ్డీగా పోతుంది అన్న మూడు వరసలు 2015 నుంచి అక్కడి రుణ అంచనా పత్రంలో తప్పనిసరి.

డెన్మార్క్ పద్ధతి ఇంకా లోతైనది. 1795 కోపెన్‌హాగెన్ అగ్నిప్రమాదం తర్వాత ఇళ్లు తిరిగి కట్టుకునేందుకు పుట్టిన బాండ్ల వ్యవస్థ అది. ప్రతి రుణం వెనుకా దానికి సరితూగే బాండు ఉంటుంది. వడ్డీ తగ్గితే ముఖవిలువకు తీర్చేసి కొత్తది తీసుకోవచ్చు. పెరిగితే బాండు ధర పడిపోతుంది కాబట్టి దాన్ని మార్కెట్లో తక్కువకు కొని అప్పు తగ్గించుకోవచ్చు. మనకు దగ్గరి పోలిక మాత్రం కెనడా. అక్కడ చలన వడ్డీ ఉన్నా వాయిదా మారని రుణాలు 2022-23లో మన దారిలోనే నడిచాయి. కొందరికి అసలు పెరిగింది కూడా. కాగితం మీద గడువు 35 ఏళ్లు దాటింది. కానీ అక్కడి ఒప్పందం సాధారణంగా అయిదేళ్లది. పునరుద్ధరణ రోజున మొదటి గడువుకు తిరిగి రావాలి. వాయిదా ఒక్కసారిగా ఎగురుతుంది. బాధ కలుగుతుంది, అయితే దాగదు. బ్రిటన్‌లో రెండేళ్ల, అయిదేళ్ల స్థిర వడ్డీ ముగిసిన కుటుంబాలకు 2022 శరదృతువులో ఎదురైంది ఇదే.

ముప్పై ఏళ్ల స్థిర వడ్డీ ఇచ్చేంత లోతైన బాండ్ మార్కెట్ మనకు లేదు. కాబట్టి చలన వడ్డీ ఉంటుంది. గడువు మాత్రం రుణగ్రహీత ఎరుకలో కదలాలి. కీలక వాస్తవాల పత్రంలో పావు శాతం పక్కన రెండున్నర శాతం కుదుపును రూపాయల్లో, ఆఖరి వాయిదా నెల, సంవత్సరంతో సహా చూపించాలి. నోటీసుకు జవాబు రాకపోతే గడువు దానంతట అదే పెరిగే ఆనవాయితీకి హద్దు పెట్టాలి. రెండేళ్లు దాటే పొడిగింపు, లేదా ఉద్యోగ విరమణ వయసును మించే పొడిగింపు రాతపూర్వక సమ్మతి లేకుండా చెల్లకూడదు. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలను కూడా బయటి ప్రమాణం కిందకు తేవాలి. స్థిర వడ్డీకి మారే హక్కును తిరిగి తప్పనిసరి చేయాలి. ఇందుకు బ్యాంకులకు ఖర్చవుతుంది, ఆ ఖర్చు కొంత వడ్డీలో కలుస్తుంది. దాన్ని ముందే చూపించి తీసుకోవడం మేలు.

ముందస్తు చెల్లింపుపై మాత్రం చట్టం ఇప్పటికే రుణగ్రహీత పక్షాన ఉంది. వ్యక్తులు తీసుకునే చలన వడ్డీ గృహరుణాలపై జరిమానాను బ్యాంకులకు 2012లోనే నిషేధించారు. 8.5 శాతం రుణంపై ఏటా ఒక్క ఈఎంఐ అదనంగా కడితే సుమారు 40 నెలలు ముందే అప్పు తీరి పది లక్షలకు పైగా మిగులుతుంది. ఆ సొమ్మును మ్యూచువల్ ఫండ్ల సిప్‌లో పెడితే ఇంకా ఎక్కువ వస్తుందని ఆర్థిక సలహాదారులు అంటారు. పన్నెండు శాతం రాబడి వచ్చినప్పుడు ఆ మాట నిజం. అయితే పింఛనుదారుకు 8.5 శాతం ఆదా ఖాయం, ఫండు రాబడి ఖాయం కాదు. నలభై దాటి, రెండో ఉద్యోగం మీద ఆధారపడినవారికి నేనైతే ముందు అప్పే తగ్గించుకోమంటాను. ముప్పై ఏళ్ల సాఫ్ట్‌వేర్ ఉద్యోగికి ఇదే సలహా ఇవ్వను.

తిరుమలగిరి సుబేదారును అడిగితే పూర్తి పింఛను ఏ నెల నుంచి తిరిగి వస్తుందో వేళ్ల మీద లెక్కేసి చెబుతాడు. అదే ఇంటికి తీసుకున్న బ్యాంకు రుణం ఏ నెలలో తీరుతుందని అడిగితే బ్యాంకు పంపిన పాత ఎస్‌ఎంఎస్‌లు వెతుక్కోవాలి.